రాజీ కాగితంలో సంతకం లేని మనిషి

*రోడ్డు ప్రమాదంలో ప్రాణం పోయింది. డబ్బు ముట్టింది. ఇక కేసెందుకని ఊరు అడుగుతోంది. నంద్యాల–ఆళ్లగడ్డ దారిలో ఆ ప్రశ్నకు జవాబు వెతికితే...*

2024 మార్చి 6. ఇంకా పూర్తిగా తెల్లవారలేదు. తిరుమల దర్శనం ముగించుకుని హైదరాబాదుకు తిరిగి వస్తున్న కారు ఆళ్లగడ్డ మండలం నల్లగట్ల దగ్గరికి చేరింది. జాతీయ రహదారి మీద ఒక లారీ ఆగి ఉంది. కారు నేరుగా వెళ్లి ఆ లారీ వెనక భాగాన్ని ఢీకొట్టింది. కారులో ఉన్న ఐదుగురిదీ ఒకే కుటుంబం. వాళ్లలో కొద్ది రోజుల కిందటే పెళ్లయిన జంట ఉంది. ఐదుగురూ పోయారు.

ఆ ప్రమాదంలో తప్పెవరిదో తేల్చడం దర్యాప్తు పని, కోర్టు పని. దాని జోలికి ఇక్కడ పోవడం లేదు. కానీ ఆ కారు ఒక ప్రశ్నను మన ముందుంచింది. ఒక ఇంట్లో అందరూ పోతే, ‘మాకు ముట్టాల్సింది ముట్టింది, కేసు వద్దు’ అని చెప్పడానికి ఎవరు మిగులుతారు? ఒక్కరు పోయి నలుగురు మిగిలిన ఇంట్లోనైనా, పోయిన మనిషి తరఫున ఆ మాట చెప్పే హక్కు ఆ నలుగురికి ఉందా? ఉందనుకునే కదా మన ఊళ్లలో ప్రమాదం జరిగిన మర్నాడే పెద్దమనుషులు కూర్చుంటున్నారు!

నంద్యాల నుంచి శిరివెళ్ల, ఆళ్లగడ్డ, చాగలమర్రి మీదుగా కడప వైపు పోయే 40వ నంబరు జాతీయ రహదారి సంగతి ఈ ప్రాంతం వాళ్లకు చెప్పనక్కర్లేదు. రాత్రంతా లారీలు, తెల్లవారుజామున అహోబిలం, మహానంది యాత్రికుల కార్లు, పొద్దునే కూలీలను కుక్కుకున్న ఆటోలు, కోతల కాలంలో వడ్ల ట్రాక్టర్లు. ప్రమాదం జరిగితే ఆ తర్వాత నడిచే కథ కూడా ఇక్కడివాళ్లకు కంఠతా వచ్చు. పోస్టుమార్టం గది బయట ఒక చెట్టు కింద చనిపోయిన మనిషి బంధువులు, ఇంకో చెట్టు కింద బండి యజమాని తాలూకు మనుషులు. మధ్యలో అటూ ఇటూ తిరిగే ఒక పెద్దమనిషి. ‘పోయినోడు ఎట్లా తిరిగి రాడు, ఉన్నోళ్ల బతుకు చూసుకోండి’ అన్న మాటతో బేరం మొదలవుతుంది. దినాల ఖర్చుకని కొంత ముందుగా, కాగితం రాసుకున్నాక కొంత, కోర్టులో సాక్ష్యం అయిపోయాక మిగతాది. ఆ మూడో వాయిదాలోనే అసలు విషయం ఉంది. డబ్బు ఎప్పుడు చేతికొస్తుందో చూస్తే అది దేనికోసం ఇస్తున్నారో తెలిసిపోతుంది.

కేసు ఎవరిది?

‘కేసు పెట్టింది మేమే, తీసుకునేదీ మేమే’ అన్న నమ్మకం మన జనంలో గట్టిగా పాతుకుపోయింది. 2024 డిసెంబరులో తెలుగు రాష్ట్రాలు రెండూ మాట్లాడుకున్న సంధ్య థియేటర్ కేసులోనూ ఇదే కనిపించింది. డిసెంబరు 4 రాత్రి తొక్కిసలాటలో ఒక తల్లి చనిపోయింది. 13వ తేదీన ఆ కేసులో నటుడు అల్లు అర్జున్‌ను అరెస్టు చేసిన రోజే, కేసు వెనక్కి తీసుకోవడానికి సిద్ధమని ఆమె భర్త విలేకరులతో అన్నారు. అదే నెలలో ఆ కుటుంబానికి మొత్తం రెండు కోట్ల రూపాయల సాయం ప్రకటించారు. అది రోడ్డు ప్రమాదం కాదు, అక్కడి సెక్షన్లూ వేరు. అయినా చాలామందికి ఆ రోజుల్లోనే మొదటిసారి తెలిసిన సంగతి ఒకటుంది: భర్త వద్దన్నంత మాత్రాన కేసు ఆగదు. ఎఫ్‌ఐఆర్ నమోదయ్యాక అది ప్రభుత్వం నడిపే కేసు. దాన్ని ఉపసంహరించుకోవాలంటే పబ్లిక్ ప్రాసిక్యూటర్ కోరాలి, కోర్టు సమ్మతించాలి. ఫిర్యాదుదారు కేవలం సమాచారం ఇచ్చిన మనిషి.

రోడ్డు ప్రమాదంలో ప్రాణం పోతే రెండు దారులు విడివిడిగా తెరుచుకుంటాయి. ఒకటి మోటారు ప్రమాదాల క్లెయిముల ట్రిబ్యునల్. జిల్లా కోర్టు, అదనపు జిల్లా కోర్టుల జడ్జీలే ఆ ట్రిబ్యునల్‌గా కూర్చుంటారు. అక్కడ వేసే పిటిషన్‌ను ప్లీడరు గుమాస్తాలు ‘ఎం.వి.ఓ.పి.’ అంటారు. కుటుంబానికి ఎంత రావాలో తేల్చడం, బీమా కంపెనీ చేత కట్టించడం ఆ కోర్టు పని. రెండోది మేజిస్ట్రేటు కోర్టు. డ్రైవరు నిర్లక్ష్యం నేరమా కాదా అన్నది అక్కడ తేలుతుంది. పాత శిక్షాస్మృతిలో 304-ఎ సెక్షన్ కింద దానికి రెండేళ్ల వరకు జైలు, లేదా జరిమానా, లేదా రెండూ. 2024 జులై 1 నుంచి అమల్లోకి వచ్చిన భారతీయ న్యాయ సంహితలో అదే నేరం 106(1) సెక్షన్ అయింది. జైలు ఐదేళ్ల వరకు పెరిగింది, జరిమానా దానికి అదనం. అంటే జరిమానా ఒక్కటే కట్టి బయటపడే వీలు కొత్త చట్టంలో పోయింది. ప్రమాదం చేసి పోలీసులకు చెప్పకుండా పారిపోతే పదేళ్ల వరకు శిక్ష వేసే 106(2) మాత్రం ఇంకా కాగితం మీదే ఉంది. 2024 జనవరి మొదట్లో లారీ డ్రైవర్లు స్టీరింగు వదిలేసి, పెట్రోలు బంకుల ముందు జనం బారులు తీరిన రోజులు గుర్తుండే ఉంటాయి. ఆ ఆందోళన తర్వాత కేంద్రం దాన్ని పక్కన పెట్టింది.

శిక్ష పెంచితే భయం పెరుగుతుందని చట్టం చేసినవాళ్లు అనుకున్నారు. పెరుగుతుంది కూడా. కానీ భయం పెరిగినకొద్దీ రాజీ ధర కూడా పెరుగుతుంది. ఐదేళ్ల జైలును తప్పించే సాక్షి మౌనం, రెండేళ్ల జైలును తప్పించే మౌనం కంటే ఖరీదైనది. ఆకలితో ఉన్న కుటుంబానికి పరిహారం త్వరగా అందే ఏర్పాటు చేయకుండా శిక్ష మాత్రమే పెంచితే, కోర్టులో న్యాయం జరగడం మాట అటుంచి, కోర్టు బయట బేరానికి బలం వస్తుంది.

గాయమైతే ఒక తీరు, ప్రాణం పోతే ఒక తీరు

రాజీకి చట్టం పూర్తిగా తలుపు మూసేసిందనుకుంటే పొరపాటు. నిర్లక్ష్యం వల్ల కాలు విరిగితే, చేయి పోతే, గాయపడ్డ మనిషి కోర్టు అనుమతితో డ్రైవరుతో రాజీ పడవచ్చు. నేర విచారణ చట్టంలో 320వ సెక్షన్, ఇప్పటి నాగరిక్ సురక్షా సంహితలో 359వ సెక్షన్ ఇలా రాజీకి వీలున్న నేరాలను పట్టికగా ఇచ్చాయి. నిర్లక్ష్యంతో ప్రాణం తీసిన నేరం ఆ పట్టికలో లేదు. బండిని ప్రమాదకరంగా నడపడం అనే నేరమూ లేదు. ఇందులో ఒక వివేకం ఉంది. విరిగిన కాలు ఎవరిదో వాళ్లే జడ్జి ముందు నిలబడి ‘నేను క్షమించాను’ అనగలరు. జడ్జి వాళ్ల ముఖం చూసి, ఎవరైనా బెదిరించారా అని అడగగలడు. పోయిన మనిషిని పిలిచి అలా అడిగే దారి లేదు. భార్య, తల్లి, పిల్లలు పరిహారానికి వారసులు. ఆ ప్రాణం ఎలా పోయిందన్న నిజానికి వాళ్లొక్కరే వారసులు కారు.

అదే దారిలో రేపు ప్రయాణం చేసే ప్రతి ఒక్కరికీ ఆ నిజంలో వాటా ఉంది. 2022లో దేశంలో 4,61,312 రోడ్డు ప్రమాదాలు జరిగి 1,68,491 మంది చనిపోయారు. వాటిలో మూడింట రెండు వంతులకు మించి అతివేగం ఖాతాలోనే పడ్డాయి. ఇంతమందిని పోగొట్టుకునే దేశంలో రోడ్డు మీద పోయిన ప్రాణాన్ని రెండు ఇళ్ల మధ్య లావాదేవీగా చూడటం ఎలా కుదురుతుంది?

ప్రజలు తికమకపడేది లోక్ అదాలత్ దగ్గర. ‘లోక్ అదాలత్‌లో సెటిలైంది’ అంటే కేసే పోయిందనుకుంటారు. అక్కడ పరిష్కారమయ్యేది పరిహారం కేసు. బీమా కంపెనీ, కుటుంబం ఒక మొత్తానికి ఒప్పుకుంటే అవార్డు రాస్తారు, దాని మీద అప్పీలు ఉండదు. ఏళ్లు సాగే ఎం.వి.ఓ.పి. కేసులకు అది మంచి దారి. కానీ రాజీకి వీల్లేని నేరాలను ముట్టుకునే అధికారం లోక్ అదాలత్‌కు లేదని 1987 నాటి న్యాయ సేవల చట్టమే చెప్పింది. అక్కడ డబ్బు తీసుకున్న కుటుంబం మేజిస్ట్రేటు కోర్టులో నిజం చెప్పడానికి అడ్డేమీ లేదు.

బాక్సు: ఒక ప్రాణానికి చట్టం కట్టే లెక్క

*35 ఏళ్ల తాపీమేస్త్రీ ప్రమాదంలో పోయాడనుకుందాం. ఇంట్లో భార్య, ఇద్దరు పిల్లలు, తల్లి. నెలకు 15,000 రూపాయలు సంపాదిస్తున్నట్టు రుజువైంది.*

*భవిష్యత్తులో పెరిగే సంపాదన కింద 40 శాతం కలిపితే 21,000. ఆధారపడినవారు నలుగురు కాబట్టి, అతని సొంత ఖర్చుకు నాలుగో వంతు తీసేస్తే 15,750. ఏడాదికి 1,89,000. 31 నుంచి 35 ఏళ్ల వయసుకు గుణకం 16. మొత్తం 30,24,000 రూపాయలు.*

*ఆసరా కోల్పోయినందుకు ఒక్కొక్కరికి 40,000, ఆస్తి నష్టానికి 15,000, అంత్యక్రియలకు 15,000 కలిపితే మరో 1,90,000. ఈ స్థిర మొత్తాలు మూడేళ్లకోసారి పది శాతం పెరుగుతాయి. వడ్డీ వేరు.*

*కోర్టు ఆదాయాన్ని 10,000గానే తీసుకున్నా గుణకంతో లెక్కిస్తే 20,16,000 వస్తుంది.*

*ఈ లెక్కకు ఆధారం సుప్రీంకోర్టు తీర్పులు: సరళా వర్మ (2009), ప్రణయ్ సేథీ (2017).*

ఆ రెండు లక్షలతో కొనేదేమిటి?

ఈ లెక్కను చెట్టు కింద బేరం పక్కన పెట్టి చూడాలి. యజమాని తరఫువాళ్లు రెండు లక్షలో మూడు లక్షలో చేతిలో పెట్టి ‘మా వంతు పరిహారం ఇచ్చాం’ అంటారు. బండికి బీమా ఉంటే ఆ పరిహారం యజమాని జేబులోంచి రావాల్సిన పనే లేదు. మూడో పక్షం బీమా చట్టప్రకారం తప్పనిసరి. ప్రీమియం అతను ముందే కట్టాడు. మరణానికి మూడో పక్షం బీమాలో ఇంత అన్న గరిష్ఠ పరిమితి కూడా లేదు. మరి బీమా కంపెనీ ఇవ్వాల్సిన ముప్పై లక్షలు అలాగే ఉండగా, యజమాని పైన ఇచ్చే రెండు లక్షలు దేనికి? ఆ కుటుంబం కోల్పోయినదానికి అది ధర కాదు. కోర్టు బోను ఎక్కిన సాక్షి ‘నేను చూడలేదు, వేగంగా వచ్చిందో లేదో తెలియదు’ అనడానికి ఇచ్చే డబ్బు అది.

దానికి రాసుకునే వంద రూపాయల స్టాంపు కాగితానికి విలువ లేదు. నేరంపై కేసు వదిలేస్తానని ఒకరు, బదులుగా సొమ్ము ఇస్తానని ఇంకొకరు చేసుకునే ఒప్పందం చెల్లదని 1872 నాటి కాంట్రాక్టు చట్టం 23వ సెక్షనే చెబుతోంది. దోపిడీ కేసు వదిలేస్తానన్న మాటను ఆ సెక్షన్ కింద ఉదాహరణగా కూడా రాశారు. కాబట్టి మూడో వాయిదా ఇవ్వకుండా యజమాని చేతులెత్తేస్తే ఆ కాగితం పట్టుకుని కుటుంబం ఏ కోర్టుకూ పోలేదు. సాక్ష్యం అప్పటికే చెప్పేసి ఉంటారు. బోనులో ప్రమాణం చేసి చెప్పిన అబద్ధానికి బాధ్యులు మాత్రం వాళ్లే అవుతారు.

ఇంకో నష్టం కంటికి కనిపించదు. ట్రిబ్యునల్‌లో నిర్లక్ష్యాన్ని సందేహం లేకుండా రుజువు చేయనక్కర్లేదు. జరిగి ఉండడానికే ఎక్కువ అవకాశం ఉందని తేలితే చాలు. క్రిమినల్ కేసు కొట్టేసినా పరిహారం రావచ్చని 1980 నుంచే సుప్రీంకోర్టు చెబుతూ వస్తోంది. ఈ భరోసానే పెద్దమనుషులు ‘అక్కడ ఎట్లా చెప్పినా ఇక్కడ డబ్బు వస్తుంది’ అని వాడుకుంటారు. అది సగం నిజం. ఒకే ప్రమాదం గురించి మేజిస్ట్రేటు ముందు ఒక మాట, ట్రిబ్యునల్ ముందు ఇంకో మాట చెప్పిన సాక్షిని బీమా కంపెనీ న్యాయవాది ఊరకే వదలడు. డ్రైవరును తప్పించడానికి ‘మావాడే అడ్డం వచ్చాడు’ అని రాయించిన వాక్యం తిరిగి వచ్చి, చనిపోయిన మనిషికే తప్పులో వాటా కట్టి, పరిహారానికి కోత పెట్టగలదు.

బీమా లేని బండి సంగతి వేరని ఒప్పుకోవాలి. మన పల్లెల్లో బీమా ముగిసిపోయిన ద్విచక్ర వాహనాలు, ట్రాక్టర్లు కొత్త కాదు. ట్రాలీలోనో, సరుకుల ఆటోలోనో ఊరికే ఎక్కించుకుపోయిన కూలీలకు బీమా వర్తించదని కంపెనీ వాదిస్తే, 2002 నాటి ఆశారాణి తీర్పు దాని పక్షానే ఉంది. అప్పుడు యజమాని ఆస్తే దిక్కు. అలాంటి చోట కుటుంబం అందినంత తీసుకోవడంలో తప్పు పట్టను. తీసుకున్న డబ్బును ట్రిబ్యునల్ ముందు చెప్పి లెక్కలో కలుపుకోవచ్చు. సాక్ష్యంతో దానికి ముడి పెట్టడమే కూడదు.

కోర్టులు ఏమన్నాయి?

ఇరుపక్షాలూ రాజీ పడ్డాయి కాబట్టి కేసు కొట్టేయండని హైకోర్టుకు పోయే దారి ఒకటుంది. రాజీకి వీల్లేని నేరాల్లోనూ, అసలు వివాదం ఇద్దరి మధ్యదే అయితే, కేసు రద్దు చేసే అధికారం హైకోర్టుకు ఉందని 2012లో జ్ఞాన్ సింగ్ తీర్పులో సుప్రీంకోర్టు చెప్పింది. సమాజానికి హాని చేసే తీవ్ర నేరాలకు ఆ వెసులుబాటు లేదనీ అదే తీర్పులో గీత గీసింది. నిర్లక్ష్యంతో జరిగిన మరణం ఆ గీతకు ఏ వైపున పడుతుందన్న దానిమీద దేశంలోని హైకోర్టులు ఒక్క మాట మీద లేవు. కొన్ని రద్దు చేశాయి, కొన్ని నిరాకరించాయి.

ఈ చర్చలో నాకు అన్నిటికంటే బలంగా కనిపించేది 2015లో సౌరభ్ బక్షి కేసులో జస్టిస్ దీపక్ మిశ్రా రాసిన తీర్పు. పంజాబులో ఇద్దరు చనిపోయిన ప్రమాదం అది. కింది కోర్టు ఏడాది జైలు వేసింది. చనిపోయినవారి కుటుంబానికి 85,000 రూపాయలు ఇచ్చాడన్న కారణంతో హైకోర్టు ఆ శిక్షను అప్పటికే అనుభవించిన 24 రోజులకు తగ్గించింది. సుప్రీంకోర్టు దాన్ని ఒప్పుకోలేదు, ఆరు నెలలు చేసింది. పరిహారం ఇవ్వడాన్ని అది తప్పు పట్టలేదు. పరిహారం శిక్షకు బదులు కాలేదని మాత్రమే చెప్పింది. 2022లో దక్షాబెన్ కేసులో, అది ఆత్మహత్యకు ప్రేరేపించిన ఆరోపణ కేసు, డబ్బు తీసుకుని ఫిర్యాదుదారు రాజీ పడ్డాడని కేసు రద్దు చేస్తే ప్రమాదకరమైన దారి తెరిచినట్టేనని అదే కోర్టు హెచ్చరించింది. డబ్బున్నవాడికి ఒక చట్టం, లేనివాడికి ఒక చట్టం అయ్యే దారి అది.

గల్ఫ్‌లోనూ, సియాటిల్‌లోనూ

రక్తధనం పద్ధతి ఉన్న దేశాలు లేవా అని అడగవచ్చు. ఉన్నాయి. సీమ నుంచి గల్ఫ్‌కు పోయిన డ్రైవర్లకు ‘దియా’ అన్న మాట తెలుసు. యునైటెడ్ అరబ్ ఎమిరేట్స్‌లో పొరపాటున జరిగిన మరణానికి రెండు లక్షల దిర్హాములు దియాగా కట్టాలి. అక్కడ కూడా దియా కట్టాక కేసు మొత్తం చెరిగిపోదు. కుటుంబానిది ఒక హక్కు, సమాజానిది ఇంకో హక్కు. డ్రైవరుకు జరిమానాయో, లైసెన్సు రద్దో, జైలో వేసే అధికారం కోర్టు దగ్గరే ఉంటుంది. పైగా దియాను కోర్టు నిర్ణయిస్తుంది, అందరికీ తెలిసేలా కట్టిస్తుంది. మన చెట్టు కింద బేరంలో ఆ రెండూ లేవు.

ప్రాణానికి చెక్కు రాసి చేతులు దులుపుకోవచ్చన్న ఆలోచన ఎంత దూరం పోగలదో మన పక్కూరి బిడ్డ విషయంలోనే చూశాం. 2023 జనవరి 23న ఆదోనికి చెందిన 23 ఏళ్ల విద్యార్థిని సియాటిల్‌లో రోడ్డు దాటుతుండగా పోలీసు కారు ఢీకొని చనిపోయింది. గంటకు 25 మైళ్లు దాటకూడని వీధిలో ఆ కారు 74 మైళ్ల వేగంతో పోయింది. ఇంకో పోలీసు అధికారి ఫోన్‌లో నవ్వుతూ, పదకొండు వేల డాలర్ల చెక్కు రాస్తే సరిపోతుందని, ఆ ప్రాణానికి ఉన్న విలువ పరిమితమని అన్న మాటలు రికార్డయి బయటికొచ్చాయి. కారు నడిపిన అధికారిపై నేరాభియోగాలు మోపేందుకు అక్కడి ప్రాసిక్యూటర్లు 2024 ఫిబ్రవరిలో నిరాకరించారు. ఆ మాటలు విన్నప్పుడు ఆదోని నుంచి ఆళ్లగడ్డ దాకా ప్రతి ఇల్లూ రగిలిపోయింది. ఆ కోపం న్యాయమైనదే. అయితే ఆ కొలతతోనే మన ఊరి బేరాలను కూడా కొలవాలి.

డ్రైవరు కూడా పేదవాడే కదా?

ఇది బలమైన అభ్యంతరం, దులిపేసుకునేది కాదు. లారీ డ్రైవరు కావాలని చంపలేదు. అతని ఇంట్లోనూ పిల్లలున్నారు. అతను జైలుకు పోతే ఒక ఇంటికి రెండిళ్లు రోడ్డున పడతాయి. ఇదంతా నిజమే. కానీ రాజీ డబ్బు ఎవరు పెడుతున్నారో చూడండి. చాలాసార్లు యజమాని. ఎవరిని కాపాడాలో, ఎవరిని వదిలేయాలో నిర్ణయించేదీ అతనే. డ్రైవరు ఎన్ని గంటలుగా నిద్ర లేకుండా స్టీరింగు పట్టుకున్నాడన్న ప్రశ్న రాజీలో అసలు పుట్టదు. మోటారు రవాణా కార్మికుల చట్టం 1961లోనే మామూలుగా రోజుకు ఎనిమిది గంటలు, వారానికి 48 గంటలు మించరాదంది. తెల్లవారుజామున జరిగే ప్రమాదాల్లో ఎన్నింటి వెనక ఆ గంటలు దాటిన డ్యూటీ ఉందో తేలాలంటే కేసు నడవాలి, డ్రైవరు నోరు విప్పాలి. రాజీ అయితే డ్రైవరు శిక్ష తప్పించుకుంటాడు సరే, మళ్లీ అదే రాత్రి డ్యూటీకి ఎక్కుతాడు.

రోడ్డు తప్పు సంగతీ అంతే. 2014 ఏప్రిల్ 23 రాత్రి నంద్యాలలో ఎన్నికల ప్రచారం ముగించుకుని ఆళ్లగడ్డకు తిరిగి వస్తున్న భూమా శోభా నాగిరెడ్డి కారు గూబగుండం మిట్ట దగ్గర బోల్తా పడింది. రోడ్డు మీద ఆరబోసిన వడ్ల కుప్పను తప్పించబోతే జరిగిందని అప్పట్లో వార్తలొచ్చాయి. మర్నాడు హైదరాబాదులో ఆమె కన్నుమూశారు. చనిపోయాక కూడా ఆళ్లగడ్డ ఓటర్లు ఆమెనే గెలిపించారు. రోడ్డు మీద ధాన్యం ఎందుకు ఆరబోస్తున్నారు, కల్లాలు ఎందుకు లేవు, హెచ్చరిక దీపం లేకుండా లారీ హైవే మీద ఎందుకు ఆగుతోంది అన్న ప్రశ్నలకు జవాబు ఒక్కో కేసు ఫైలులో కొంచెం కొంచెంగా జమ అవుతుంది. పంచనామా, స్కెచ్చు, బ్రేక్ ఇన్‌స్పెక్టరు నివేదిక, ప్రత్యక్ష సాక్షి మాట, ఇవన్నీ కలిస్తేనే ఆ మలుపులో ఏం చేయాలో తెలుస్తుంది. సాక్షి చేత ‘చూడలేదు’ అనిపిస్తే ఆ ఫైలంతా చెత్త కాగితమే.

కోర్టుల్లో ఏళ్లు పడుతుందన్న అభ్యంతరం ఇంకా గట్టిది. దహన సంస్కారాలకే అప్పు చేసిన ఇల్లాలికి నాలుగేళ్ల తర్వాత వచ్చే ముప్పై లక్షల గురించి చెప్పడం సులభం. ఇవాళ ఆమెకు కావాల్సింది ఈ నెల బియ్యం, పిల్లల ఫీజు. రాజీకి ఒప్పుకున్న కుటుంబాన్ని నిందించే హక్కు ఎవరికీ లేదు. నిందించాల్సింది ఆమెను ఆ చెట్టు కిందికి నెట్టిన ఆలస్యాన్ని. పైగా ఆ ఆలస్యానికి మందు నిబంధనల్లో ఇప్పటికే ఉంది. 2022 నుంచి అమల్లో ఉన్న మోటారు వాహనాల నియమాల ప్రకారం ప్రమాదం జరిగిన 48 గంటల్లో పోలీసులు ట్రిబ్యునల్‌కు, బీమా కంపెనీకి మొదటి నివేదిక పంపాలి. 50 రోజుల్లో మధ్యంతర నివేదిక, 90 రోజుల్లో వివరమైన నివేదిక. ఆ వివర నివేదికనే క్లెయిము పిటిషన్‌గా తీసుకోవచ్చు. బీమా కంపెనీ 30 రోజుల్లో ఎంత ఇస్తుందో చెప్పాలి. వీటిని కచ్చితంగా పాటించాలని 2022 డిసెంబరులో గోహర్ మహమ్మద్ కేసులో సుప్రీంకోర్టు ఆదేశించింది. ఈ గడువులు నిజంగా పాటిస్తే నాలుగైదు నెలల్లో కుటుంబం చేతిలో ఒక లెక్క ఉంటుంది. ఆ లెక్క చేతిలో ఉన్న ఇల్లాలితో రెండు లక్షల బేరం ఆడటం అంత తేలిక కాదు.

బాక్సు: గుర్తుంచుకోవాల్సినవి

*తప్పెవరిదో నిరూపించకుండానే మోటారు వాహనాల చట్టం 164వ సెక్షన్ కింద మరణానికి 5 లక్షలు, తీవ్ర గాయానికి 2.5 లక్షలు కోరవచ్చు.*

*ఢీకొట్టిన బండి దొరక్కపోతే మరణానికి 2 లక్షలు, తీవ్ర గాయానికి 50,000 ప్రభుత్వ నిధి నుంచి వస్తాయి.*

*క్లెయిము ఆరు నెలల్లో వేయాలని 2019 సవరణ చెబుతోంది. ఈ గడువు మీద సవాలు సుప్రీంకోర్టు ముందుంది. రాజీ మాటల్లో పడి ఈ ఆరు నెలలు పోగొట్టుకోవద్దు.*

క్షమకు దారి ఉంది, అబద్ధం అక్కర్లేదు

కుటుంబం మనసారా క్షమించాలనుకుంటే? డ్రైవరు నిజంగా కుమిలిపోతుంటే? ఆ క్షమకు చోటు ఉండాలి. చట్టంలో ఉంది కూడా. ఏడేళ్ల లోపు శిక్ష పడే నేరాల్లో నిందితుడు స్వయంగా తప్పు ఒప్పుకుని, బాధితుల పక్షంతో, ప్రాసిక్యూటరుతో కూర్చుని, పరిహారంతో సహా ఒక అంగీకారానికి వచ్చే పద్ధతి 2006 నుంచి ఉంది. కొత్త నాగరిక్ సురక్షా సంహితలో మొదటిసారి తప్పు చేసినవారికి శిక్ష ఇంకా తగ్గించారు. ఇక్కడ కూడా కుటుంబం మెత్తబడుతుంది, డ్రైవరుకు శిక్ష తగ్గుతుంది, డబ్బూ చేతులు మారుతుంది. కానీ అన్నీ జడ్జి ఎదుట జరుగుతాయి. డ్రైవరు ‘నా నిర్లక్ష్యం వల్ల ఈ ప్రాణం పోయింది’ అని అంటాడు. కుటుంబానికి చాలాసార్లు కావాల్సింది ఆ ఒక్క మాటే. సాక్షి అబద్ధమాడనక్కర్లేదు. ఫైలులో నిజం మిగులుతుంది. ఈ దారిని మన కోర్టుల్లో ప్లీడర్లు చాలా తక్కువగా వాడుతున్నారు. హత్య కేసుల్లోనే సాక్షులు అడ్డం తిరిగి రాజీలు నడిచిన ఫ్యాక్షన్ నేల ఇది. ‘కొట్టేయించుకుందాం’ అన్న అలవాటు అంత సులువుగా పోదు.

అయినా, ప్రమాద మరణం కేసులో దగ్గరి బంధువు బోనెక్కి మాట మార్చినప్పుడు మేజిస్ట్రేటు ఒక్క ప్రశ్న అడగవచ్చు: ‘ఎం.వి.ఓ.పి. వేశారా?’ లేదన్న జవాబు వస్తే, ఆ రోజే ఆ కుటుంబాన్ని కోర్టు ఆవరణలోని మండల న్యాయ సేవల కమిటీకి పంపవచ్చు. మహిళలకు, పిల్లలకు, ఎస్సీ, ఎస్టీలకు ఆదాయంతో పని లేకుండా ఉచితంగా న్యాయవాదిని ఇవ్వాలని 1987 చట్టంలోనే ఉంది. భర్తను పోగొట్టుకున్న ప్రతి భార్యా ఆ జాబితాలోకి వస్తుంది.